స్టేషన్‌ నుంచి ఫోనొచ్చినప్పుడు

"సీఐ గారు రమ్మంటున్నారు. ఒకసారి స్టేషన్‌కొచ్చి పోండి." విజయవాడ వన్‌టౌన్‌లో హోల్‌సేల్ కొట్టు నడిపేవారికైనా, సికింద్రాబాద్ జనరల్ బజార్‌లో బట్టల వ్యాపారికైనా ఈ ఫోను కొత్తేమీ కాదు. దేనికని అడిగితే 'వచ్చాక మాట్లాడుకుందాం' అంటారు. వెళ్లేసరికి పాత బాకీ పార్టీయో, లెక్కలు తెగక విడిపోయిన భాగస్వామో అప్పటికే సీఐ ఎదుట కుర్చీలో కూర్చుని ఉంటాడు. ఫిర్యాదు కాపీ చూపించరు. ఎఫ్‌ఐఆర్ కట్టారో లేదో చెప్పరు. సెల్‌ఫోన్ తీసి రైటర్ బల్ల మీద పెట్టమంటారు. మధ్యాహ్నానికి 'పెద్దమనుషుల్లా తేల్చుకోండి, లేదంటే లోపల వేయాల్సి వస్తుంది' అన్న మాట వస్తుంది. పొద్దుగూకే వేళకు ఆ వ్యాపారి నాలుగు పోస్ట్ డేటెడ్ చెక్కుల మీద సంతకాలు చేసి, ఇంటికొచ్చి ఎవరికీ చెప్పుకోలేక కూర్చుంటాడు.

ఇంత జరిగినా ఆ రోజు స్టేషన్‌లో ఒక్క కాగితం పుట్టదు. వేధింపు బలమంతా అక్కడే ఉంది. రేపు హైకోర్టులో ప్రభుత్వ న్యాయవాది లేచి 'ఆయన్ని మావాళ్లు పిలవనే లేదు' అంటే కాదనడానికి వ్యాపారి చేతిలో ఏమీ ఉండదు. చట్టంలో అతనికి రక్షణలు చాలానే ఉన్నాయి. కానీ వాటిలో ఏ ఒక్కటి అందుకోవాలన్నా ముందు తేదీ, వేళ, పేరు ఉన్న కాగితం ఒకటి కావాలి. అందుకే వ్యాపారి మొదటి పని వాదించడం కాదు, భయపడి దాక్కోవడం అంతకన్నా కాదు. నోటిమాటగా సాగుతున్న వ్యవహారాన్ని కాగితం మీదికి తేవడం.

2024 జులై 1 నుంచి పాత సీఆర్‌పీసీ స్థానంలో భారతీయ నాగరిక సురక్షా సంహిత అమల్లో ఉంది. దాని ప్రకారం వ్యాపారిని స్టేషన్‌కు పిలిచే దారులు ప్రధానంగా మూడు. నేరంలో పాత్ర ఉందన్న అనుమానంతో పిలిస్తే 35(3) సెక్షన్ కింద నోటీసు ఇవ్వాలి. పాతరోజుల్లో 41ఏ నోటీసు అన్నది ఇదే. సాక్షిగా పిలిస్తే 179 సెక్షన్ కింద రాతపూర్వకంగా పిలవాలి. అదీ ఆ స్టేషన్ పరిధిలోనో, పక్క స్టేషన్ పరిధిలోనో ఉన్నవారినే. పత్రాలు, రికార్డులు కావాలంటే 94 సెక్షన్ కింద రాతలో అడగాలి. మూడింటిలో దేనికీ ఫోన్ కాల్ సరిపోదు. సాక్షుల విషయంలో ఇంకో మినహాయింపు ఉంది. మహిళలను, 60 ఏళ్లు దాటినవారిని, 15 ఏళ్లలోపు బాలురను, దివ్యాంగులను, తీవ్ర అనారోగ్యంతో ఉన్నవారిని వారి నివాసంలో తప్ప మరెక్కడా హాజరు కమ్మనకూడదు. కిరాణా షాపు పెద్దావిడను 'చిన్న ఎంక్వైరీ' పేరుతో రోజంతా స్టేషన్ బెంచీ మీద కూర్చోబెట్టడం ఈ నిబంధనకు పూర్తిగా విరుద్ధం.

నోటీసు ఎలా ఇవ్వాలన్న దానిపైనా స్పష్టత వచ్చింది. సతేందర్ కుమార్ అంటిల్ కేసులో సుప్రీంకోర్టు 2025 జనవరిలో, 35 సెక్షన్ నోటీసులను వాట్సాప్‌లోనో, ఇతర ఎలక్ట్రానిక్ పద్ధతుల్లోనో పంపితే చెల్లదని, చట్టం చెప్పిన తీరులోనే అందజేయాలని ఆదేశించింది. కాబట్టి అర్ధరాత్రి వాట్సాప్‌లో వచ్చిన ఫొటో నోటీసు చూసి బెంబేలెత్తాల్సిన పని లేదు. అలాగని దాన్ని డిలీట్ చేయనూ కూడదు. అదీ ఒక ఆధారమే.

మరి ఫోన్ వచ్చినప్పుడు ఏం చేయాలి? వాదన వద్దు, మొండికేయడమూ వద్దు. ఫోన్ పెట్టేసిన అరగంటలోపే వ్యాపారి నాలుగు వాక్యాల ఉత్తరం తయారు చేసుకోవాలి. 'గౌరవనీయులైన స్టేషన్ హౌస్ ఆఫీసర్ గారికి. ఈ రోజు ఉదయం 11.20 గంటలకు ఫలానా నంబరు నుంచి కానిస్టేబుల్ గారు ఫోన్ చేసి నన్ను స్టేషన్‌కు రమ్మన్నారు. ఏ కేసులో, ఏ సెక్షన్ కింద పిలుస్తున్నారో తెలుపుతూ రాతపూర్వక నోటీసు ఇప్పిస్తే చెప్పిన తేదీకి పత్రాలతో సహా హాజరై పూర్తిగా సహకరిస్తాను. నాపై ఫిర్యాదు ఉంటే దాని కాపీ ఇప్పించ ప్రార్థన.' అంతే. ఇందులో ఆరోపణ లేదు, బెదిరింపు లేదు, దురుసు మాట లేదు. 'సహకరిస్తాను' అన్న మాటే ఇందులో అన్నిటికన్నా విలువైనది. తర్వాత ముందస్తు బెయిల్ అడిగినా, రిట్ వేసినా న్యాయమూర్తి మొదట చూసేది ఆ మాటనే. ఈ ఉత్తరాన్ని స్టేషన్‌కు స్పీడ్ పోస్టులో పంపి, కాపీలు డీఎస్పీ లేదా ఏసీపీకి, ఎస్పీ లేదా కమిషనర్‌కు ఈమెయిల్ చేయాలి. పోస్టాఫీసు రసీదును జీఎస్టీ పత్రాలంత భద్రంగా దాచుకోవాలి.

రాతపూర్వక నోటీసు నిజంగానే చేతికందితే మాత్రం వెళ్లి తీరాలి. ఇక్కడ చాలామంది పొరపడతారు. నోటీసుకు కట్టుబడి హాజరవుతున్నంత కాలం, ప్రత్యేక కారణాలు రాసుకుంటే తప్ప, అరెస్టు చేయకూడదని 35 సెక్షనే చెబుతోంది. ఎగ్గొడితే అరెస్టుకు దారి ఇచ్చేదీ అదే. వ్యాపారుల మీద ఎక్కువగా మోపేవి రెండు సెక్షన్లు: భారతీయ న్యాయ సంహితలో మోసానికి 318(4), నమ్మకద్రోహానికి 316(2). మొదటిదానికి గరిష్ఠ శిక్ష ఏడేళ్లు, రెండోదానికి ఐదేళ్లు. ఏడేళ్లలోపు శిక్ష పడే నేరాల్లో యాంత్రికంగా అరెస్టు చేయవద్దని, అరెస్టు ఎందుకు అవసరమో కారణాలు నమోదు చేయాలని సుప్రీంకోర్టు 2014లో అర్నేష్ కుమార్ తీర్పులో చెప్పింది. పాటించని అధికారులు శాఖాపరమైన చర్యతో పాటు కోర్టు ధిక్కారానికీ బాధ్యులవుతారని అందులోనే హెచ్చరించింది. 'ఇప్పుడే లోపల వేస్తా' అన్న మాట విన్నప్పుడు వ్యాపారికి ఈ తీర్పు పేరు గుర్తుంటే చాలు, సగం వణుకు తగ్గుతుంది. విచారణ సాగినంతసేపూ కాకపోయినా, మధ్యలో న్యాయవాదిని కలిసే హక్కు అరెస్టయినవారికి నాగరిక సురక్షా సంహిత 38 సెక్షన్ ఇస్తోంది.

అసలు గొడవంతా డబ్బు బాకీల దగ్గరే మొదలవుతుంది. సరుకు తీసుకుని సొమ్ము కట్టకపోవడం, భాగస్వామ్యం చెడిపోవడం, షాపు ఖాళీ చేయమనడం వంటివన్నీ సివిల్ తగాదాలు. వీటికి పోలీసు స్టేషన్ వేదిక కాదు. సివిల్ కోర్టులో ఏళ్లు పడుతుందన్న అసహనంతో వ్యాపార తగాదాలకు క్రిమినల్ రంగు పులిమే ధోరణిని సుప్రీంకోర్టు 2006లోనే ఇండియన్ ఆయిల్, ఎన్‌ఈపీసీ కేసులో తప్పుపట్టింది. లలితా కుమారి కేసులో 2013లో ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం, ఎఫ్‌ఐఆర్ నమోదు తప్పనిసరి అంటూనే, వాణిజ్య వివాదాల్లో ముందుగా ప్రాథమిక విచారణ జరపవచ్చని మినహాయింపు ఇచ్చింది. కొత్త సంహితలో 173(3) సెక్షన్, మూడేళ్లు మొదలుకొని ఏడేళ్లకు తక్కువ శిక్ష ఉన్న నేరాల్లో డీఎస్పీ అనుమతితో 14 రోజుల్లో ప్రాథమిక విచారణ ముగించే వీలు కల్పించింది. వ్యాపారి తన ఇన్‌వాయిస్‌లు, లెడ్జర్, ఒప్పందం, వాట్సాప్ సంభాషణలు అన్నీ జత చేసి 'ఇది లెక్కల తగాదా' అని రాసి ఇవ్వాల్సింది ఈ దశలోనే. ఎఫ్‌ఐఆర్ కట్టాక అదే పనికి పదింతలు ఖర్చవుతుంది.

చెక్ బౌన్స్ విషయం విడిగా చెప్పుకోవాలి. నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం 138 సెక్షన్ కింద కేసు నేరుగా మేజిస్ట్రేట్ కోర్టులో వేయాలి. కేవలం చెక్కు తిరిగొచ్చిందన్న కారణంతో ఎవరినీ స్టేషన్‌కు పిలిచే అధికారం పోలీసులకు లేదు. ఈ ఒక్క సంగతి తెలియక స్టేషన్ బెంచీల మీద గడిపిన చిన్న వ్యాపారులు రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ ఎందరో ఉంటారు.

2024 ఆగస్టులో ఢిల్లీ రేస్ క్లబ్ కేసులో సుప్రీంకోర్టు మరో మౌలిక విషయం చెప్పింది. ఒకే సంఘటన మీద మోసం, నమ్మకద్రోహం రెండూ ఒకేసారి నిలవవు. మోసమంటే మొదటి నుంచే దురుద్దేశం ఉండాలి. నమ్మకద్రోహమంటే నమ్మి అప్పగించినదాన్ని తర్వాత కాజేయాలి. ఎఫ్‌ఐఆర్‌లో ఈ రెండు సెక్షన్లూ పక్కపక్కనే కనిపిస్తే, దాన్ని కొట్టేయమని కోరే క్వాష్ పిటిషన్‌కు అది మంచి పాయింటు. 2025 ఏప్రిల్‌లోనైతే, కాన్పూర్ ఆస్తి అమ్మకం తగాదాను క్రిమినల్ కేసుగా మార్చినందుకు ఉత్తరప్రదేశ్ ప్రభుత్వానికి సుప్రీంకోర్టు 50,000 రూపాయలు ఖర్చుల కింద విధించింది.

ఇక్కడ వ్యాపార వర్గాలకు కటువుగానైనా ఒక మాట చెప్పక తప్పదు. ఇవాళ తన బాకీ వసూలుకు స్టేషన్‌లో 'తెలిసిన' ఎస్‌ఐని పట్టుకున్న వ్యాపారే రేపు అదే బల్ల ముందు రెండోవైపు కూర్చుంటాడు. సెటిల్‌మెంట్లను పోషిస్తున్న సొమ్ములో వ్యాపారుల వాటా తక్కువేం కాదు. మూడు లక్షలు, ఆపైన విలువ ఉన్న వాణిజ్య వివాదాలకు 2015 వాణిజ్య కోర్టుల చట్టం ఉంది. అత్యవసర ఉత్తర్వులు అడగని దావాల్లో ముందు మధ్యవర్తిత్వానికి వెళ్లడం ఆ చట్టం కింద తప్పనిసరి. స్టేషన్ పంచాయితీ కన్నా అది నెమ్మది కావచ్చు. కానీ అక్కడ తేలిన లెక్కకు డిక్రీ విలువ ఉంటుంది.

ఇక సోదాలు, జప్తులు. దుకాణంలోకి పోలీసులు సోదాకు వస్తే ఇద్దరు స్థానిక సాక్షులు ఉండాలి, యజమాని లేదా అతని మనిషి అక్కడే ఉండి చూడవచ్చు, స్వాధీనం చేసుకున్న వస్తువుల జాబితా కాపీ ఇవ్వాలి. ఇవన్నీ ముందు నుంచీ ఉన్నవే. కొత్త సంహిత 105 సెక్షన్ వీటికి వీడియో చిత్రీకరణను జోడించింది. సోదా మొదలు నుంచి జాబితా మీద సంతకాల దాకా ఆడియో, వీడియో రికార్డు చేసి ఆలస్యం లేకుండా మేజిస్ట్రేట్‌కు పంపాలి. 'సార్, రికార్డింగ్ మొదలైందా?' అని మర్యాదగా అడగడం యజమాని హక్కు. రికార్డు చేయకపోతే ఆ సంగతిని ఆ రోజే ఉత్తరంలో రాసి ఎస్పీకి పంపాలి. షాపు సొంత సీసీటీవీ దృశ్యాలను అదే రాత్రి పెన్‌డ్రైవ్‌లోకి తీసుకోవాలి. డీవీఆర్‌లో పాతవి కొన్ని వారాలకే చెరిగిపోతాయి.

షట్టర్ దించి తాళం వేసి 'మేం చెప్పేదాకా తెరవొద్దు' అన్నప్పుడు గుర్తుంచుకోవాల్సిన తీర్పు నెవడా ప్రాపర్టీస్. 2019 సెప్టెంబరులో సుప్రీంకోర్టు అందులో, సీఆర్‌పీసీ 102 సెక్షన్ కింద స్థిరాస్తిని స్వాధీనం చేసుకునే, సీలు వేసే అధికారం పోలీసులకు లేదని తేల్చింది. ఇప్పుడు ఆ సెక్షన్ 106గా కొనసాగుతోంది. సరుకు, వాహనం, కంప్యూటర్లు తీసుకెళితే వాటి కోసం మేజిస్ట్రేట్ దగ్గర 503 సెక్షన్ కింద అర్జీ పెట్టుకోవచ్చు. స్టేషన్ ఆవరణలో వాహనాలు, వస్తువులు తుప్పు పట్టకుండా బాండు తీసుకుని త్వరగా తిరిగి ఇవ్వాలని 2002లోనే సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

ఇటీవల చిన్న వ్యాపారులను ఎక్కువగా కుంగదీస్తున్నది ఖాతాల స్తంభన. ఎక్కడో రాజస్థాన్‌లోనో, గుజరాత్‌లోనో సైబర్ మోసం జరుగుతుంది. ఆ సొమ్ములో ఐదు వేలు నాలుగు చేతులు మారి, సెల్ షాపులో యూపీఐ చెల్లింపుగా వచ్చి పడుతుంది. వారం తర్వాత షాపు ఖాతా మొత్తం ఆగిపోతుంది. జీతాలు ఆగుతాయి, సరుకు చెక్కులు తిరిగొస్తాయి. అప్పుడు బ్యాంకు మేనేజరు చుట్టూ తిరగడం కన్నా, స్తంభింపజేయమన్న లేఖ కాపీ, ఫిర్యాదు నంబరు, దర్యాప్తు అధికారి వివరాలు రాతలో అడగాలి. ఆ అధికారికి ఇన్‌వాయిస్, జీఎస్టీ రిటర్ను, ఆ రోజు సరుకు ఇచ్చిన ఆధారం పంపి, వివాదంలో ఉన్న మొత్తం వరకే ఆపి మిగతాది విడుదల చేయమని కోరాలి. 1999లో తాపస్ నియోగి తీర్పు తర్వాత బ్యాంకు ఖాతాను పోలీసులు స్తంభింపజేయగలరన్నది స్థిరపడింది. అయితే ఆ సంగతి వెంటనే మేజిస్ట్రేట్‌కు తెలపాలన్న షరతు 106 సెక్షన్‌లోనే ఉంది. తెలపలేదని తేలితే హైకోర్టులో అది బలమైన వాదన. అనుమానిత మొత్తానికే స్తంభనను పరిమితం చేయాలని కేరళ హైకోర్టు 2023లో వ్యాపారుల పిటిషన్ల మీద ఆదేశించింది. మన హైకోర్టుల్లో వాదించేటప్పుడు దాన్ని ఉదహరించవచ్చు.

ఫుట్‌పాత్ మీద బండి పెట్టుకున్నవారు కూడా వ్యాపారులే, నిజానికి లాఠీ దెబ్బ అందరికన్నా ముందు తగిలేది వాళ్లకే. 2024 జనవరి చివర్లో హైదరాబాద్ మాదాపూర్ దగ్గర సోషల్ మీడియాలో పేరొచ్చిన ఒక మహిళ భోజనాల బండిని ట్రాఫిక్ జామ్ పేరుతో పోలీసులు ఆపించారు. పెద్ద దుమారం రేగి, ముఖ్యమంత్రి జోక్యంతో మర్నాటికే ఆమెకు అక్కడే కొనసాగే వీలు దొరికింది. వీడియోలు లేని బండ్లకు దిక్కెవరు? వాళ్లకు 2014 వీధి వ్యాపారుల చట్టం ఉంది. వెండింగ్ సర్టిఫికెట్ ప్రకారం వ్యాపారం చేసుకునేవారిని పోలీసులు సహా ఎవరూ అడ్డుకోకూడదని 27 సెక్షన్ చెబుతోంది. తరలించాలన్నా, ఖాళీ చేయించాలన్నా 30 రోజుల నోటీసు ఇవ్వాలి. సరుకు తీసుకెళితే జాబితా ఇవ్వాలి. నిర్ణీత రుసుము కట్టాక పండ్లు, కూరగాయల్లాంటి పాడయ్యే సరుకును అదే రోజు, మిగతాదాన్ని రెండు పనిదినాల్లో తిరిగి ఇచ్చేయాలి. అందుకే పురపాలక సంఘం ఇచ్చే సర్టిఫికెట్, గుర్తింపు కార్డు చేతిలో ఉండటం ఆ బండికి చక్రాలంత ముఖ్యం.

రాత్రివేళ మూసివేతల గురించి కూడా ఒక మాట. తెలంగాణ ప్రభుత్వం 2023 ఏప్రిల్‌లో, షరతులకు లోబడి, రుసుము కట్టిన దుకాణాలు 24 గంటలూ తెరిచి ఉంచుకునే వీలిస్తూ ఉత్తర్వు ఇచ్చింది. ఆ అనుమతి ఉన్నవారు దాని ప్రతిని ఫ్రేము కట్టించి కౌంటరు పక్కనే వేలాడదీయాలి. లేనివారు గస్తీ పోలీసుతో గొడవ పడి లాభం లేదు.

మామూళ్ల సంగతికి వస్తే, ఇక్కడ తెలియక చేసే తప్పు వ్యాపారినే జైలుకు పంపగలదు. అవినీతి నిరోధక చట్టానికి 2018లో వచ్చిన సవరణ తర్వాత లంచం ఇవ్వడమూ నేరమే, ఏడేళ్ల దాకా శిక్ష. బలవంతం మీద ఇచ్చినవారు ఏడు రోజుల్లోపు అధికారులకు తెలిపితేనే మినహాయింపు. ముందే ఏసీబీకి చెప్పి, వారి సూచన మేరకు ఇచ్చిన సొమ్ముకు ఈ శిక్ష వర్తించదు. తెలంగాణలో ఏసీబీ టోల్‌ఫ్రీ నంబరు 1064. ఫిర్యాదు అందాక అధికారులు ముందు ఆ డిమాండు నిజమేనా అని రహస్యంగా సరిచూస్తారు, తరచూ వ్యాపారి జేబులో చిన్న రికార్డరు పెట్టి. తర్వాత మధ్యవర్తుల సమక్షంలో నోట్ల నంబర్లు రాసుకుని, వాటికి ఫినాల్ఫ్‌తలీన్ పొడి రాస్తారు. సొమ్ము చేతులు మారి సంకేతం అందగానే లోపలికి వచ్చి, తీసుకున్న అధికారి వేళ్లను సోడియం కార్బొనేట్ ద్రావణంలో ముంచుతారు. నీళ్లు గులాబీ రంగుకు మారతాయి. అయితే కేసు నిలవడానికి ఆ రంగు ఒక్కటే చాలదు. డిమాండు చేసినట్టు, తీసుకున్నట్టు రుజువు కావాలని 2022 డిసెంబరులో నీరజ్ దత్తా కేసులో రాజ్యాంగ ధర్మాసనం మరోసారి స్పష్టం చేసింది. అందుకే మొదటి ఫోన్ కాల్ నుంచే రికార్డింగ్ దాచుకోవడం అవసరం.

పై అధికారులకు ఎన్ని ఉత్తరాలు రాసినా కదలిక లేకపోతే ఆధారాలు చేజారకుండా చూసుకోవాలి. 2020 డిసెంబరులో పరంవీర్ సింగ్ సైనీ తీర్పులో సుప్రీంకోర్టు, ప్రతి స్టేషన్‌లో గుమ్మం నుంచి ఇన్‌స్పెక్టర్ గది దాకా కెమెరాలు ఉండాలని, దృశ్యాలను 18 నెలలు, వీలుకాకపోతే కనీసం ఏడాది భద్రపరచాలని ఆదేశించింది. ఫలానా తేదీన, ఫలానా వేళ మధ్య తనను కూర్చోబెట్టిన దృశ్యాలు, ఆ రోజు జనరల్ డైరీ భద్రపరచాలని వ్యాపారి వారం తిరక్కముందే అర్జీ పెట్టాలి. తర్వాత 'కెమెరా పనిచేయలేదు' అని జవాబిచ్చినా, ఆ జవాబు కూడా కోర్టు ముందుకు వెళుతుంది. ఎఫ్‌ఐఆర్ కట్టారో లేదో తెలుసుకోవడానికి స్టేషన్‌ను బతిమాలే పని లేదు. సున్నితమైనవి తప్ప మిగతా ఎఫ్‌ఐఆర్‌లను 24 గంటల్లో వెబ్‌సైట్‌లో పెట్టాలని 2016లో సుప్రీంకోర్టు చెప్పింది.

హైకోర్టు తలుపు తట్టడానికి దారులు వేరువేరు. ఎఫ్‌ఐఆర్ లేకుండా పిలిచి వేధిస్తుంటే రాజ్యాంగం 226 అధికరణ కింద రిట్. తప్పుడు ఎఫ్‌ఐఆర్ కట్టేస్తే నాగరిక సురక్షా సంహిత 528 సెక్షన్ కింద క్వాష్ పిటిషన్, దానికి 1990 నాటి భజన్‌లాల్ తీర్పు చెప్పిన ఏడు సందర్భాలే ఈనాటికీ కొలబద్ద. అరెస్టు భయం ఉంటే 482 సెక్షన్ కింద ముందస్తు బెయిల్, దీనికి జిల్లా సెషన్స్ కోర్టుకైనా వెళ్లవచ్చు. కొట్టారు, నిర్బంధించారు, చెక్కులు గుంజుకున్నారు అన్నప్పుడు సంబంధిత అధికారి మీదే మేజిస్ట్రేట్‌కు ఫిర్యాదు చేయవచ్చు. అయితే అధికారి వాదన, పై అధికారి నివేదిక చూశాకే మేజిస్ట్రేట్ దర్యాప్తుకు ఆదేశించేలా 175(4) సెక్షన్ ఉంది కాబట్టి ఈ దారి నెమ్మదిగా సాగుతుంది.

రిట్ విషయంలో అతిగా ఆశపడటం మంచిది కాదు. చాలా కేసుల్లో ప్రభుత్వ న్యాయవాది 'సివిల్ తగాదాలో జోక్యం చేసుకోబోం, చట్టప్రకారమే నడుచుకుంటాం' అంటారు, కోర్టు దాన్ని నమోదు చేసుకుని పిటిషన్ ముగిస్తుంది. చాలామంది వ్యాపారులు 'ఇంతేనా' అని నిరాశపడతారు. నిజానికి ఆ ఒక్క పేజీ ఉత్తర్వు విలువ తర్వాతే తెలుస్తుంది. సర్టిఫైడ్ కాపీ తీసుకుని స్టేషన్‌లో ఇచ్చి, రెండో ప్రతి మీద తేదీతో స్టాంపు వేయించుకోవాలి. వేయకపోతే స్పీడ్ పోస్టులో పంపాలి. ఆ తర్వాత అదే తగాదా మీద మళ్లీ ఫోన్ వస్తే అది కోర్టు మాటను కాదనడం అవుతుంది. అధికారిని పేరుతో సహా ప్రతివాదిగా చేర్చి ధిక్కరణ పిటిషన్ వేయవచ్చు, కానీ ఉల్లంఘన జరిగిన ఏడాదిలోపే. ధిక్కారం రుజువైతే ఆరు నెలల దాకా సాధారణ జైలు పడవచ్చు. లాయరు ఫీజు భరించలేని మహిళలు, ఎస్సీ, ఎస్టీలు, తక్కువ ఆదాయం ఉన్నవారు న్యాయసేవాధికార సంస్థ నంబరు 15100కు ఫోన్ చేస్తే, రిట్‌కైనా ధిక్కరణ పిటిషన్‌కైనా ఉచితంగా న్యాయవాదిని ఇస్తారు. న్యాయవాది దగ్గరికి వెళ్లేటప్పుడు వెంట తీసుకెళ్లాల్సినవి: మొదటి ఉత్తరం నకలు, స్పీడ్ పోస్టు రసీదు, కాల్ వివరాలు, ట్రేడ్ లైసెన్సు.